మైక్రోవేవ్‌లో క్రీమీ బంగాళాదుంపలు: దుంప ముందు, క్రీమ్ తర్వాత

"అంచుల్లో గుజ్జయింది, మధ్యలో పచ్చిగా ఉంది." "పాలు విరిగాయి." "ఇరవై నిమిషాలు పెట్టినా దుంప ఉడకలేదు." మైక్రోవేవ్‌లో క్రీమీ బంగాళాదుంపలు కుదరడం లేదని అడిగేవాళ్లు చెప్పేది ఎక్కువగా ఈ మూడింట్లో ఒకటి. మూడింటికీ కారణం చాలాసార్లు ఒక్కటే. ముక్కలు, పాలు, క్రీమ్, చీజ్ అన్నీ ఒకేసారి గిన్నెలో వేసి, ఫుల్ పవర్ పెట్టి వదిలేయడం.

మామూలు ఓవెన్‌లో గంటకు పైగా నిదానంగా ఉడికేటప్పుడు ఆ పద్ధతి నడుస్తుంది. మైక్రోవేవ్‌లో నడవదు. ఇక్కడ దుంపను విడిగా ముప్పాతిక వంతు ఉడికించాలి, సాస్‌ను విడిగా చిక్కబరచాలి, రెండూ కలిపాక తక్కువ పవర్ మీద పూర్తి చేయాలి. కడగాల్సిన గిన్నె ఒకటి పెరుగుతుంది, నిజమే. కానీ తరగడంతో కలిపి నలభై, నలభై ఐదు నిమిషాల్లో వంట బల్ల మీద ఉంటుంది.

కింది కొలతలు నలుగురికి పక్క వంటకంగా సరిపోతాయి. చెప్పిన టైములన్నీ 800 వాట్ల మైక్రోవేవ్ ఓవెన్‌కు.

## 1. కావలసినవి

- బంగాళాదుంపలు: 700 గ్రాములు (మధ్యరకం దుంపలు 5)
- నీళ్లు: 4 టేబుల్ స్పూన్లు
- వెన్న: 30 గ్రాములు, గిన్నెకు రాయడానికి ఇంకాస్త
- వెల్లుల్లి: 2 రెబ్బలు, సన్నగా తరిగినవి
- మైదా: ఒకటిన్నర టేబుల్ స్పూన్లు
- పాలు: 300 మిల్లీలీటర్లు, వెన్న తీయనివి
- క్రీమ్: 100 మిల్లీలీటర్లు
- చీజ్ తురుము: 60 గ్రాములు
- ఉప్పు: సుమారు 1 టీస్పూన్ (సగం దుంపకు, సగం సాస్‌కు)
- మిరియాల పొడి: అర టీస్పూన్
- జాజికాయ పొడి: చిటికెడు, ఇష్టమైతేనే

జాజికాయ చిటికెడు దాటిందంటే పాల రుచిని పూర్తిగా మింగేస్తుంది. అనుమానంగా ఉంటే మానేయండి, లోటేమీ తెలియదు.

చీజ్ ముద్దగా ఉన్నది తెచ్చుకుని ఇంట్లో తురుముకుంటే మేలు. ప్యాకెట్లో తురిమి అమ్మే చీజ్ పోగులు ఒకదానికొకటి అంటుకోకుండా పిండిలాంటిది చల్లి ఉంచుతారు. దానివల్ల చీజ్ సాఫీగా కరగదు.

## 2. మీ ఓవెన్ ఎన్ని వాట్లదో చూసుకోండి

ఓవెన్ వెనకాలో, తలుపు తీస్తే లోపలి అంచు మీదో ఒక లేబుల్ ఉంటుంది. దాని మీద సాధారణంగా రెండు అంకెలు కనిపిస్తాయి. పెద్దది ఓవెన్ తీసుకునే కరెంటు. చిన్నది వంటకు అందే పవర్. మనకు కావలసింది చిన్న అంకె. పెద్ద అంకె చూసి, మాది 1200 వాట్లది కదా అని టైము తగ్గించేస్తే దుంప పచ్చిగా మిగలడం ఖాయం.

లెక్క తేలిక. ఇక్కడ ఇచ్చిన టైమును 800తో గుణించి, మీ ఓవెన్ వాట్లతో భాగించండి. ఇక్కడ 10 నిమిషాలని ఉంటే 700 వాట్ల ఓవెన్‌కు దాదాపు పదకొండున్నర, 1000 వాట్ల ఓవెన్‌కు 8 నిమిషాలు. మొదటిసారి ఈ లెక్క కంటే ఒక నిమిషం తక్కువే పెట్టి చూడండి. ఉడకకపోతే ఇంకో నిమిషం పెట్టుకోవచ్చు.

పవర్ సంగతి కూడా తెలుసుకోవాలి. 50 శాతం పవర్ పెట్టారంటే చాలా ఓవెన్లు వేడిని సగానికి తగ్గించవు. కాసేపు పూర్తి పవర్‌తో నడిచి, కాసేపు ఆగుతాయి. చెవి పెడితే ఆ గుర్రుమనే శబ్దం వస్తూ పోతూ ఉంటుంది. ఇన్వర్టర్ రకం ఓవెన్లు మాత్రం నిజంగానే తక్కువ పవర్‌తో నిలకడగా నడుస్తాయి. ఏ రకమైనా ఈ వంటకానికి కలిగే లాభం ఒకటే. మైక్రోవేవ్ తరంగాలు పదార్థంలోకి రెండు మూడు సెంటీమీటర్లకు మించి పెద్దగా చొరబడవు. అంతకు లోపల ఉన్నదానికి చుట్టూ ఉన్న వేడే మెల్లగా పాకాలి. తక్కువ పవర్ ఆ పాకడానికి వ్యవధి ఇస్తుంది. ఫుల్ పవర్ ఇవ్వదు.

## 3. గిన్నె ఎలాంటిది

రెండు లీటర్లు పట్టే వెడల్పాటి గాజు గిన్నె గానీ పింగాణీ గిన్నె గానీ కావాలి. గుండ్రంగానో కోలగానో ఉంటే మంచిది. చదరపు గిన్నెలో నాలుగు మూలలకూ వేడి ఎక్కువ తగిలి అక్కడి ముక్కలు ఎండిపోతాయి. అంచున బంగారు, వెండి గీతలున్న పాత్రలు పనికిరావు.

వంటకం పోశాక గిన్నెలో కనీసం మూడో వంతు ఖాళీ ఉండాలి. పాలు పొంగడానికి కళ్లు మూసి తెరిచేంత సేపు చాలు.

మీ గిన్నె మైక్రోవేవ్‌కు తగినదో కాదో తెలియకపోతే, ఖాళీ గిన్నెను లోపల పెట్టి, పక్కనే కప్పు నీళ్లు పెట్టి, ఫుల్ పవర్‌లో 1 నిమిషం నడపండి. నీళ్లు వేడెక్కి గిన్నె చల్లగా ఉంటే వాడుకోవచ్చు. గిన్నే వేడెక్కితే దాన్ని పక్కన పెట్టేయండి. నీళ్ల కప్పు లేకుండా ఈ పరీక్ష చేయకూడదు, ఖాళీ ఓవెన్ నడిపితే అది పాడయ్యే ప్రమాదం ఉంది.

మూతకు గాజు పళ్లెమైనా చాలు. మైక్రోవేవ్‌కు పనికొచ్చే ప్లాస్టిక్ పొర వాడితే ఒక మూల కొద్దిగా తెరిచి ఉంచండి. తీసేటప్పుడు మీకు ఎదురుగా కాకుండా అవతలి వైపు నుంచి ఎత్తండి. దాని కింద ఉండే ఆవిరి చేతిని గట్టిగానే కాలుస్తుంది.

## 4. దుంప ఎంపిక, తరగడం

దుంపల్లో పిండి ఎక్కువ ఉన్నవి, బంకగా గట్టిగా ఉండేవి అని రెండు రకాలు. పిండి దుంప ఉడికాక పొడిపొడిగా విడుతుంది. బంక దుంప ముక్క చెదరదు. ఈ వంటకానికి రెంటికీ మధ్య రకం బాగా కుదురుతుంది. రకం తెలియకపోతే దుంపను అడ్డంగా కోసి, రెండు సగాలనూ ఒకదానికొకటి రుద్దండి. తెల్లటి నురగలాంటి పిండి పట్టి, సగాలు అతుక్కున్నట్టు అనిపిస్తే పిండి ఎక్కువున్నట్టు. అలాంటి దుంపకు సాస్‌లో మైదా అర టేబుల్ స్పూన్ తగ్గించండి. లేత దుంపలైతే కొలత యథాతథం.

పచ్చరంగు తిరిగిన చోట, మొలకలు వచ్చిన చోట లోతుగా కోసి పారేయాలి. దుంపంతా పచ్చబడినా, చేదుగా అనిపించినా మొత్తం పారేయండి. ఆ చేదుకు కారణమైన సోలనిన్ అనే విష పదార్థం ఉడికించినంత మాత్రాన పోదు.

మందం. 3 మిల్లీమీటర్లు. రెండు నాణేలు ఒకదాని మీద ఒకటి పెట్టినంత అనుకోండి. అయితే మందం ఎంతన్న దానికంటే అన్ని ముక్కలూ ఒకే మందంలో ఉండటం ముఖ్యం. ఒకటి 2, ఇంకొకటి 5 ఉందంటే మొదటిది గుజ్జయ్యేదాకా రెండోది ఉడకదు. స్లైసర్ ఉంటే వాడండి, కానీ దానితో వచ్చే చేతి రక్షణ లేకుండా మాత్రం వద్దు. కత్తితో కోసేవాళ్లు దుంపకు ఒక వైపు పల్చటి చెక్క తీసేసి, ఆ చదును వైపు పలక మీద ఆనించి కోస్తే దుంప దొర్లదు.

కడగడం. తోలు తీశాక దుంపను కడగండి. ముక్కలు చేశాక కడగొద్దు, నీళ్లలో నానబెట్టొద్దు. ముక్కల మీద ఉండే పిండే తర్వాత సాస్‌ను పట్టి ఉంచేది. నల్లబడతాయని భయమైతే తోలు తీసిన దుంపలను కోయకుండా నీళ్లలో ఉంచి, ఓవెన్‌లో పెట్టే ముందు తుడిచి కోసుకోండి. ఈ ఒక్క విషయంలో వేపుడుకు అలవాటైన చేయి పొరపడుతుంది. వేపుడుకు పిండి పోవాలి, దీనికి ఉండాలి.

## 5. ఓవెన్ వైపు వెళ్లే ముందు ఒకసారి చూసుకోండి

- ఓవెన్ వాట్లు తెలుసా, టైములు మార్చి రాసుకున్నారా?
- పాలు, క్రీమ్ ఫ్రిజ్‌లోంచి తీసి బయట పెట్టారా?
- దుంపకు ఒక గిన్నె, సాస్‌కు లోతైన ఇంకో గిన్నె సిద్ధంగా ఉన్నాయా?
- గిన్నె పట్టుకునే గుడ్డలు పొడిగా ఉన్నాయా? తడి గుడ్డ వేడిని సూటిగా చేతికి చేరుస్తుంది.
- చీజ్ తురిమి ఉందా?

## 6. మొదటి దశ: దుంప విడిగా, ఫుల్ పవర్‌లో

1. ముక్కలను గిన్నెలో వేసి విడివిడిగా సర్దండి.
2. నాలుగు టేబుల్ స్పూన్ల నీళ్లలో అర టీస్పూన్ ఉప్పు కరిగించి ముక్కల మీద పోయండి. పొడి ఉప్పు నేరుగా చల్లితే అది పడిన చోట ముక్క ఎండి గట్టిపడుతుంది.
3. మూత పెట్టి ఫుల్ పవర్‌లో 4 నిమిషాలు.
4. తీసి, అంచున ఉన్న ముక్కలను మధ్యకు, మధ్యవాటిని అంచుకు మార్చండి. గరిటెతో గట్టిగా కలపకుండా, కింద నుంచి ఎత్తి తిప్పండి.
5. మళ్లీ మూత పెట్టి ఫుల్ పవర్‌లో 3 నిమిషాలు. తర్వాత మూత తీయకుండా 2 నిమిషాలు వదిలేయండి.

ఇప్పుడు మధ్యలోంచి ఒక ముక్క తీసి రెండు వేళ్లతో మెల్లగా వంచండి. పచ్చి ముక్క పుటుక్కున విరుగుతుంది. సరిగ్గా ఉడికింది విల్లులా వంగి, వదిలితే మెల్లగా విచ్చుకుంటుంది. అంచు చుట్టూ అద్దంలా పారదర్శకంగా మారి, నడిమిన ఇంకా కాస్త తెల్లటి మచ్చ ఉంటుంది. అక్కడ ఆపాలి. వంచుతుంటేనే చిదిగిపోతే ఎక్కువ ఉడికినట్టు.

గిన్నె అడుగున కొద్దిగా మిగిలే చిక్కటి నీళ్లు పారబోయకండి, పిండి అందులోనే ఉంది. సాస్‌లో కలపండి.

ఇది పాలల్లో కాకుండా నీళ్లలోనే ఎందుకు? దుంప కణాలను అతికి ఉంచేది పెక్టిన్. అది సడలితేనే ముక్క మెత్తబడుతుంది. పులుపు ఉన్న చోట పెక్టిన్ త్వరగా సడలదు. పాలలోని కాల్షియం కూడా దాన్ని గట్టిపరిచే వైపే లాగుతుంది. అందుకే పుల్లటి క్రీమ్, పెరుగు, క్రీమ్ చీజ్ మొదటే వేసిన దుంప ఎంతసేపు పెట్టినా కరకరలాడుతూనే ఉంటుంది. మూలన పడి ఉన్న సగం నిమ్మచెక్క పిండినా అదే గతి.

ఇంకో మాట. జాగ్రత్త కోసమని ఈ దశలో కూడా తక్కువ పవర్ పెట్టేవాళ్లున్నారు. దుంప 55 నుంచి 60 డిగ్రీల మధ్య చాలాసేపు ఉండిపోతే అందులోని ఒక ఎంజైమ్ పెక్టిన్‌ను మరింత బిగించేస్తుంది. తర్వాత ఎంత ఉడికించినా ముక్క మొండికేస్తుంది. కాబట్టి ఇక్కడ వేగంగా వేడెక్కడమే మంచిది. తక్కువ పవర్ అవసరం మూడో దశలో వస్తుంది.

## 7. రెండో దశ: సాస్

లోతైన గిన్నె తీసుకోండి. 400 మిల్లీలీటర్ల సాస్‌కు కనీసం లీటరున్నర పట్టే గిన్నె ఉండాలి.

1. వెన్న, వెల్లుల్లి వేసి ఫుల్ పవర్‌లో 40 సెకన్లు. వెల్లుల్లి ఘాటు తగ్గి తీపి వాసన రావాలి. ఎర్రబడితే చేదు దిగుతుంది, పారేసి మళ్లీ చేయడమే నయం.
2. మైదా వేసి ఉండలు లేకుండా కలిపి, ఇంకో 40 సెకన్లు. పచ్చిపిండి వాసన ఇక్కడే పోవాలి.
3. పాలు మొదట నాలుగు స్పూన్లు మాత్రమే పోసి ముద్దలా కలపండి. అది నున్నగా అయ్యాక మిగతా పాలు కొంచెం కొంచెంగా పోస్తూ విస్క్‌తో తిప్పండి.
4. ఫుల్ పవర్‌లో 1 నిమిషం. తీసి గిన్నె అంచులు, అడుగు తగిలేలా తిప్పండి. ఇలా నాలుగైదుసార్లు చేస్తే సాస్ చిక్కబడుతుంది.
5. ఆపాక క్రీమ్, మిగిలిన ఉప్పు, మిరియాల పొడి, జాజికాయ, దుంప ఉడికిన నీళ్లు కలపండి.

నిమిషానికోసారి తీసి తిప్పమనడం చాదస్తం కాదు. అంచున ఉన్న సాస్ ముందు చిక్కబడి గడ్డ కడుతుంది, నడిమిది పాలలా పల్చగానే ఉంటుంది. పైగా కదలకుండా వేడెక్కిన పాలు ఒక్కసారిగా పొంగి ఓవెన్ పళ్లెమంతా పారతాయి.

చిక్కదనం చూడాలంటే గరిటె వెనక వైపు వేలితో గీత గీయండి. గీత చెరగకుండా నిలిచి, దాని అంచులు మాత్రం మెల్లగా కిందికి జారుతుంటే చాలు. తినేటప్పుడు ఎంత చిక్కగా కావాలో అంతకంటే ఇప్పుడు పల్చగా ఉండాలి. దుంప కొంత పీల్చుకుంటుంది, చల్లారే కొద్దీ ఇంకా బిగుస్తుంది.

మైదా వద్దనుకుంటే. ఒక టేబుల్ స్పూన్ కార్న్‌ఫ్లోర్‌ను మూడు టేబుల్ స్పూన్ల చల్లటి పాలలో కలిపి, మిగతా పాలు వేడెక్కాక పోసి తిప్పండి. నేరుగా వేడి పాలలో వేస్తే ఉండలు కడుతుంది.

క్రీమ్ ఏది? కొవ్వు 35 శాతం, ఆపైన ఉన్న క్రీమ్ మరిగినా విరగదు. 20, 25 శాతం కొవ్వున్నది కూడా మైదా పడ్డ సాస్‌లో నిలుస్తుంది, మరగనివ్వకపోతే చాలు. పుల్లటి క్రీమ్, పెరుగు వేయాలనుకుంటే వంటంతా అయ్యి, ఓవెన్ ఆపేశాక కలపండి. క్రీమ్ చీజ్ అయితే విడిగా 20 సెకన్లు మెత్తబరచి, రెండు స్పూన్ల వేడి సాస్‌తో నునుపుగా చేశాక గిన్నెలో కలపాలి. గడ్డగా పడేస్తే చివరిదాకా తెల్లటి నలుసులుగానే తేలుతుంది.

## 8. మూడో దశ: రెండూ కలిపి, సగం పవర్‌లో

1. వెడల్పు గిన్నెకు వెన్న రాసి అడుగున రెండు స్పూన్ల సాస్ పరచండి.
2. ముక్కలను కాస్త కాస్త ఒకదాని మీద ఒకటి ఎక్కేలా పేర్చండి. రెండు వరసలకోసారి సాస్ పోయండి. అంచుల్లో కొద్దిగా ఎత్తుగా, నడిమిన పల్లంగా ఉంచండి. అందరూ నడుమ గుట్టగా పేరుస్తారు. మైక్రోవేవ్‌లో ఆలస్యంగా వేడెక్కేది సరిగ్గా ఆ నడుమే.
3. మిగిలిన సాస్ పోసి, గిన్నెను పక్కలకు మెల్లగా కదిపితే ముక్కల సందుల్లోకి దిగుతుంది. పై ముక్కలు కూడా తడిసి ఉండాలి.
4. వదులుగా మూత పెట్టి 50 శాతం పవర్‌లో 8 నిమిషాలు. తిరిగే పళ్లెం లేని ఓవెన్ అయితే సగంలో గిన్నెను అటు ఇటు తిప్పి పెట్టండి.
5. గిన్నె నడిమధ్య కత్తి మొన దించి చూడండి. వెన్నలో దిగినంత తేలిగ్గా దిగాలి. లేకపోతే 2 నిమిషాల చొప్పున పెంచండి. అంచున గుచ్చి చూస్తే ఎప్పుడూ ఉడికినట్టే ఉంటుంది, నమ్మొద్దు.
6. చీజ్ చల్లి, మూత లేకుండా 50 శాతం పవర్‌లో 1 నిమిషం. కరగడం మొదలైతే చాలు, మిగతాది గిన్నె వేడికే కరుగుతుంది.
7. కదపకుండా 8 నుంచి 10 నిమిషాలు ఉంచండి.

ఈ చివరి ఆగడాన్ని దాటేసేవాళ్లే ఎక్కువ. ఓవెన్‌లోంచి తీయగానే అంచున పాలు సుళ్లు తిరుగుతూ, వంటకమంతా నీళ్లోడుతున్నట్టు కనిపిస్తుంది. అప్పుడే కంగారుపడి ఇంకో ఐదు నిమిషాలు పెడితే కొవ్వు విడిపోయి పైకి తేలుతుంది. ఆ పది నిమిషాల్లో అంచు వేడి మధ్యకు పాకుతుంది, సాస్ బిగుసుకుంటుంది, ముక్కలు మిగిలిన పాలను పీలుస్తాయి. గరిటె పెడితే దారి పడి, ఆ దారి వెంటనే పూడిపోకుండా ఉంటే వడ్డించవచ్చు.

## 9. పైన ఎర్రటి పొర కావాలంటే

మామూలు మైక్రోవేవ్ ఎర్రగా కాల్చలేదు. తడి ఉన్నంతసేపు పైభాగం సుమారు 100 డిగ్రీల దగ్గరే ఆగిపోతుంది. ఎరుపు రావాలంటే దాదాపు 140 డిగ్రీలు దాటాలి. టైము పెంచితే రంగు వస్తుందనుకోకండి, ఎండిపోవడమే మిగులుతుంది.

గ్రిల్ ఉన్న ఓవెన్ అయితే, చీజ్ చల్లాక గ్రిల్ మీద 5 నుంచి 7 నిమిషాలు పెట్టి దగ్గరే నిలబడండి. గిన్నె ఆ వేడికి ఆగేదై ఉండాలి, ప్లాస్టిక్ మూత, పొర లాంటివి లోపల ఉండకూడదు. వేడి గాజు గిన్నెను తడి గట్టు మీద పెట్టకండి, పగులుతుంది.

గ్రిల్ లేకపోతే బ్రెడ్ పొడి ఉంది. నాలుగు టేబుల్ స్పూన్ల బ్రెడ్ పొడిలో ఒక టేబుల్ స్పూన్ కరిగిన వెన్న కలిపి, వెడల్పు పళ్లెంలో పల్చగా పరచి, ఫుల్ పవర్‌లో 30 సెకన్లకోసారి కలుపుతూ రెండు, రెండున్నర నిమిషాలు వేయించండి. లేత బంగారు రంగు రాగానే ఆపాలి, పళ్లెంలో ఉండగానే ఇంకాస్త ముదురుతుంది. వడ్డించే క్షణంలో చల్లండి. ముందే చల్లి మూత పెట్టారంటే తడిసి ముద్దవుతుంది. నిజం చెప్పాలంటే గ్రిల్ కంటే నాకు ఈ పొడే ఇష్టం. మెత్తటి దుంప మధ్య పంటికి తగిలేది ఏదో ఒకటి ఉండాలి.

## 10. తేడా వస్తే ఏం చేయాలి

దుంప మధ్యలో పచ్చిగా ఉంది, సాస్ మాత్రం చిక్కబడింది. నాలుగు స్పూన్ల వేడి పాలు చుట్టూ పోసి, మూత పెట్టి, 50 శాతం పవర్‌లో 3 నిమిషాల చొప్పున పెంచండి. వచ్చేసారి మొదటి దశలో ఇంకో నిమిషం పెట్టండి.

సాస్ విరిగి పలుకులు పలుకులుగా అయింది. పుల్లటి పదార్థం ముందే పడిందా, కొవ్వు తక్కువున్న క్రీమ్ మరిగిందా చూసుకోండి. సాస్ దశలోనే గమనిస్తే వడకట్టి, చల్లటి పాలలో కలిపిన ఒక టీస్పూన్ కార్న్‌ఫ్లోర్ వేసి, మళ్లీ వేడి చేస్తూ విస్క్ చేస్తే చాలావరకు సర్దుకుంటుంది. దుంపతో కలిపేశాక పూర్తిగా బాగుచేయలేరు. రుచికి లోటుండదు, పైన బ్రెడ్ పొడి చల్లి వడ్డించేయండి.

పైన నూనె తేలింది. చీజ్ ఎక్కువ వేడైంది. నూనెను స్పూన్‌తో తీసేసి, రెండు స్పూన్ల గోరువెచ్చటి పాలు పోసి గిన్నె కదపండి.

బాగా పల్చగా ఉంది. ముందు పది నిమిషాలు ఆగారా? ఆగినా పల్చగానే ఉంటే మూత తీసి 50 శాతం పవర్‌లో 2 నిమిషాలు. ముక్కలను కడిగేసి ఉంటే ఇలాగే అవుతుంది.

జిగురులా సాగుతోంది. ముక్కలు మరీ ఉడికి, గరిటెతో ఎక్కువ కలిపారు. దుంప కణాలు చితికితే లోపలి పిండి బయటికొచ్చి బంకవుతుంది. దీనికి తిరుగు లేదు. ఇదే వంటకాన్ని మెదిపి మాష్‌లా చేసుకునేవాళ్లు కూడా చేత్తో మెదపాలే గానీ మిక్సీలో వేయకూడదు.

చప్పగా ఉంది. దుంప ఉప్పును బాగా లాగేస్తుంది. సాస్ విడిగా ఉన్నప్పుడు రుచి చూస్తే కొంచెం ఉప్పగా అనిపించాలి. కలిపాక అది సమానమవుతుంది. అయితే చీజ్‌లోనూ ఉప్పు ఉంటుంది, ఆ లెక్కా వేసుకోండి.

## 11. ముందుగా చేసి పెట్టుకోవడం, కొలత మార్చడం

అతిథులు వచ్చే రోజైతే మొదటి రెండు దశలూ ముందే ముగించి, ముక్కలు సాస్‌లో మునిగేలా పేర్చి ఫ్రిజ్‌లో ఉంచవచ్చు. ఒక్క రోజు బాగానే ఉంటుంది. చల్లటి గిన్నె కాబట్టి మూడో దశలో 4 నుంచి 5 నిమిషాలు అదనంగా పడుతుంది. ఫ్రిజ్‌లోంచి తీసిన గాజు గిన్నెను నేరుగా గ్రిల్ కింద పెట్టకండి.

మిగిలింది రెండు గంటల్లోపు ఫ్రిజ్‌లోకి వెళ్లాలి. మూడు, నాలుగు రోజుల్లో తినేయండి. ఫ్రీజర్‌లో మాత్రం వద్దు. కరిగించాక దుంప స్పాంజిలా నీళ్లు వదులుతుంది, క్రీమ్ విడిపోతుంది.

మళ్లీ వేడి చేసేటప్పుడు ఒక్కో వడ్డనకు ఒక టేబుల్ స్పూన్ పాలు చిలకరించి, మూత పెట్టి, 60 శాతం పవర్‌లో 2 నిమిషాలు, ఒకసారి కదిపి ఇంకో నిమిషం. మధ్యలో పొగలు రావాలి, థర్మామీటర్ ఉంటే 74 డిగ్రీలు చూపాలి.

సగం కొలత చేస్తే టైము సగానికి కొంచెం పైన పడుతుంది. మొదటి దశకు 4 నిమిషాలు, మూడో దశకు 5 నిమిషాలతో మొదలుపెట్టి చూసుకోండి. రెట్టింపు చేయాల్సి వస్తే ఒకే పెద్ద గిన్నెలో పోయకుండా రెండు గిన్నెల్లో, ఒకదాని తర్వాత ఒకటి చేయండి. మొదటిది పది నిమిషాలు ఆగాల్సిందే కదా, ఆ లోపు రెండోది ఓవెన్‌లో ఉడుకుతుంది.